తిరుపతి ఎండల్లో డాఫోడిల్ గడ్డలు పూస్తాయా? ఏ రకం కొనాలి, ఎప్పుడు నాటాలి?

ప్రశ్న
రాసినవారు: పెరటిసంపెంగ, ఎం.ఆర్.పల్లె, తిరుపతి

అందరికీ నమస్కారం. మా ఇంటికి తూర్పున పన్నెండడుగుల పొడవూ నాలుగడుగుల వెడల్పూ ఉన్న మట్టి నేల, మిద్దె మీద ముప్పై దాకా కుండీలు ఉన్నాయి. మల్లె, కనకాంబరం, నందివర్ధనం, రెండు రకాల మందారం పదిహేనేళ్ళుగా పెంచుతున్నాను కాబట్టి మొక్కల పని నాకు కొత్త కాదు. అయితే గడ్డ నుంచి పూసే మొక్కల్లో నాకు పరిచయం ఉన్నది నీళ్ళ తొట్టి పక్కన దానంతటదే పెరిగే లిల్లీ ఒక్కటే.

నిరుడు మార్చి ఆఖరున మేము శ్రీనగర్ వెళ్ళాము. జబర్వాన్ కొండల కింద ఉన్న తులిప్ తోటలో మావాళ్ళంతా తులిప్‌ల మధ్య ఫోటోలు దిగుతుంటే, నేను ఒక పక్కగా వరుసలు తీరిన పసుపు డాఫోడిల్ పూల దగ్గర ఆగిపోయాను. ఆరు రేకుల నడుమ అంచు ముడతలు పడిన చిన్న గిన్నెను అతికించినట్టుండే ఆ పువ్వును మా పెరట్లో ఒక్కసారైనా చూడాలన్న కోరిక అప్పుడే పుట్టింది. తిరిగి వచ్చాక, అక్టోబరు మొదటి వారంలో ఆన్‌లైన్‌లో పన్నెండు గడ్డలు తెప్పించాను. పెట్టె మీద రకం పేరు లేదు. అక్టోబరు, నవంబరు నెలల్లో ఆరంగుళాల లోతున ఎండ తగిలే చోట నాటాలని మాత్రం ఉంది. చెప్పినట్టే ఎనిమిదింటిని తూర్పు నేలలోనూ నాలుగింటిని మిద్దె మీద కుండీలోనూ నాటాను.

నవంబరు వానలకు నేలలోని వాటిలో ఆరు కుళ్ళిపోయాయి. తవ్వి చూస్తే అడుగు భాగం గోధుమ రంగుకు తిరిగి, వేలు పెడితే లోపలికి దిగేంత మెత్తగా ఉంది. బతికిన ఆరింటికి డిసెంబరులో ఆకులు వచ్చాయి, సంక్రాంతి నాటికి జానెడు పెరిగాయి, అంతటితో ఆగిపోయాయి. ఒక్కదానిలో మాత్రం, ఆకులను విడదీసి చూసినప్పుడు, అంగుళమంత కాడ మీద పలుచని కాగితంలా ఎండిపోయిన మొగ్గ కనబడింది. అమ్మినవారిని అడిగితే నీరు ఎక్కువైందని ఒకసారి, నీరు తక్కువైందని మరొకసారి జవాబు ఇచ్చారు.

ఈ ఏడాది మళ్ళీ ప్రయత్నించే ముందు అనుభవం ఉన్నవారి మాట వినాలనుకుంటున్నాను. తప్పు మన ఊరి వాతావరణానిదా, నేను నాటిన పద్ధతిదా, లేక గడ్డలే మంచివి కావా? మన వైపు పూసే అవకాశం ఉన్న రకాలు ఏవి, కొనేటప్పుడు గడ్డలో ఏమి చూడాలి? నేల మంచిదా, కుండీ మంచిదా? పూసిన గడ్డను దాచుకుంటే మరుసటి ఏడు మళ్ళీ పూస్తుందా?

జవాబు
రాసినవారు: మట్టికుండీ, చిత్తూరు

నమస్కారం అమ్మా. మీరు చూసిన ఆ ఎండిన మొగ్గలోనే మీ మొదటి ప్రశ్నకు జవాబు ఉంది. ఆ గడ్డ మీ ఇంటికి వచ్చేనాటికే దాని కడుపులో పువ్వు ఉంది. డాఫోడిల్ గడ్డ తాను పెరిగిన పొలంలో, ఆకులు పండిపోయే రోజుల్లోనే, మరుసటి ఏటి మొగ్గను లోపల చాలా చిన్న రూపంలో తయారు చేసి పెట్టుకుంటుంది. కాబట్టి కొన్నవారి పని పువ్వును పుట్టించడం కాదు, ఆ పువ్వు బయటికి రావడానికి కావలసిన ఒకే ఒక్క సంకేతాన్ని ఇవ్వడం. ఆ సంకేతం చలి. సుమారు 9 డిగ్రీలకు తక్కువగా, 4 నుంచి 7 డిగ్రీల మధ్య అయితే మరీ మేలుగా, 12 నుంచి 16 వారాల పాటు ఎడతెగకుండా చలి తగిలితేనే పూకాడ సాగుతుంది. తగలకపోతే ఆకులు వస్తాయి కానీ కాడ సాగదు, మొగ్గ గడ్డ మెడ దగ్గరే ఎండిపోతుంది. మీ విషయంలో జరిగింది అదే. మీ చేతి నీళ్ళ తప్పు అందులో లేదు.

తిరుపతిలో ధనుర్మాసం తెల్లవారుజామున 17, 18 డిగ్రీలకు దిగితే మనం శాలువాలు కప్పుకుంటాము, కానీ ఈ గడ్డ లెక్కలో అది చలి కాదు. హార్సిలీ కొండ దాదాపు 1265 మీటర్ల ఎత్తున ఉన్నా, పగలూ రాత్రీ వారాల తరబడి 9 డిగ్రీల లోపు ఉండే చోటు అక్కడ కూడా లేదు. అందువల్ల మన వైపు డాఫోడిల్ పూయించాలంటే ఫ్రిజ్ తప్ప మార్గం లేదు. ఈ మాట చెబితే కొందరు నవ్వుతారు. నేను గ్రీమ్స్‌పేటలో మా ఇంటి పాత ఫ్రిజ్‌లో మూడేళ్ళు ఈ పని చేసి, మొదటి ఏడు పూర్తిగా విఫలమై, రెండో ఏడు తొమ్మిది గడ్డలకు నాలుగూ, మూడో ఏడు పదింటికి ఎనిమిదీ పూయించాను. అందుకే కొంచెం వివరంగా చెబుతాను.

కుళ్ళు సంగతి ముందు చూద్దాము. అడుగు భాగం గోధుమ రంగుకు తిరిగి మెత్తబడడం ఫ్యుజేరియం అనే శిలీంధ్రం తెచ్చే అడుగు కుళ్ళు లక్షణం. ఇది వెచ్చని తడి నేలలో విజృంభిస్తుంది. డాఫోడిల్ పండించే చల్లని దేశాల్లో శరదృతువులో నేల చల్లబడ్డాకే గడ్డ నాటమనడానికి ఇది కూడా ఒక కారణం. మన అక్టోబరు నేల చల్లగా ఉండదు సరికదా, అప్పుడే ఈశాన్య రుతుపవనం మొదలై డిసెంబరు దాకా వానలు కురుస్తాయి. వెచ్చని నేల, నిలిచిన నీరు, నిద్రలో ఉన్న గడ్డ, మూడూ ఒకచోట చేరితే కుళ్ళకుండా ఉండడమే ఆశ్చర్యం. పెట్టె మీద రాసిన అక్టోబరు, నవంబరు అన్న మాట సిమ్లాకూ శ్రీనగర్‌కూ సరిపోతుంది. మనము ఆ నెలల్లో గడ్డను ఫ్రిజ్‌లో ఉంచితే రెండు పనులు ఒకేసారి అవుతాయి: కావలసిన చలి దొరుకుతుంది, వానల కాలం గడిచిపోతుంది. 2021 నవంబరులో తిరుపతి వీధులు ఏరులైనప్పుడు మా మిద్దె మీద కుండీలు కూడా రెండు రోజులు నీళ్ళలో మునిగి ఉన్నాయి. అప్పుడు ఆ కుండీల్లో ఉన్న అమరిల్లిస్ గడ్డలు సగం పోయాయి కానీ ఫ్రిజ్‌లో ఉన్న డాఫోడిల్ గడ్డలకు ఏమీ కాలేదు.

ఇక ఎంపిక. గడ్డను చేతిలోకి తీసుకుంటే దాని పరిమాణానికి మించిన బరువు తెలియాలి. తేలికగా ఉందంటే లోపల ఎండిపోయిందని అర్థం. వేళ్ళు పుట్టే అడుగు బిళ్ళను బొటనవేలితో నొక్కండి, గట్టిగా ఉండాలి. మెడ దగ్గర కూడా మెత్తదనం ఉండకూడదు. పైన ఉల్లిపొరలాంటి పొర ఊడిపోయినా నష్టం లేదు, దాని మీద నీలం పచ్చ కలిసిన పలుచని బూజు కనబడినా గుడ్డతో తుడిస్తే చాలు, కానీ పుల్లని వాసన వస్తే మాత్రం ఆ గడ్డను మిగిలినవాటి దగ్గర కూడా ఉంచకండి. అమ్మేవారు చుట్టుకొలతను సెంటీమీటర్లలో చెబుతారు. పెద్ద పూల రకాల్లో 14 నుంచి 16 సెంటీమీటర్ల గడ్డ కొంటే పువ్వు ఉన్నట్టే అనుకోవచ్చు. ఒకే అడుగు మీద రెండు ముక్కులు, అంటే మొలక వచ్చే కొనలు, కలిసి ఉన్న గడ్డకు రెండు కాడలు వస్తాయి కాబట్టి ధర కాస్త ఎక్కువైనా అదే లాభం. రకం పేరు చెప్పని చోట కొనకపోవడం మంచిది.

నా అనుభవంలో కుండీకి తగినది టెట్ అ టెట్ అనే పొట్టి రకం. జానెడు ఎత్తుకు మించదు, ఒక్కో కాడకు రెండు మూడు చిన్న పసుపు పూలు పూస్తుంది. ఇది చిన్న పూల రకం కాబట్టి గడ్డ కూడా చిన్నదిగానే ఉంటుంది, అది లోపం కాదు. కాడ పొట్టిది కావడం వల్ల మన వెచ్చదనానికి వాలిపోదు. పెద్ద పువ్వే కావాలనుకుంటే తెల్ల రేకులూ లేత నిమ్మపండు రంగు గిన్నె ఉన్న ఐస్ ఫాలీస్, లేదా పసుపు కార్ల్‌టన్ చూడండి. వెచ్చని ప్రాంతాల తోటల్లో ఈ రెంటికీ మంచి పేరు ఉంది. కింగ్ ఆల్‌ఫ్రెడ్ అన్న పేరు చూసి మోసపోకండి. ఆ రకం 1899 నాటిది. ఇప్పుడు ఆ పేరుతో అమ్మేవి చాలావరకు దానిని పోలిన వేరే పెద్ద పసుపు రకాలు. పైగా ఆ పొడవాటి గొట్టం పూలకు చల్లదనం ఎక్కువ కాలం కావాలి.

చలి పెట్టే పద్ధతిలో నేను చేసిన పొరపాటు కూడా చెప్పాలి. మొదటి ఏడు గడ్డలను వల సంచిలో వేసి ఫ్రిజ్ కూరగాయల అరలో ఉంచాను, పక్కనే ఆపిల్ పళ్ళు ఉన్నాయి. పండే పండ్ల నుంచి ఇథిలీన్ వాయువు వస్తుంది, అది గడ్డ లోపలి మొగ్గను చంపేస్తుంది. పద్నాలుగు వారాలు కాచుకున్న తరువాత ఒక్క పువ్వు కూడా రాలేదు. రెండో ఏడు పండ్లను వేరు చేశాను, కానీ గడ్డలను పొడిగానే ఉంచాను. బయటికి తీసి నాటగానే వేళ్ళు పట్టక ముందే ఆకులు పైకి తన్నుకొచ్చాయి, సగం మొగ్గలు మాడిపోయాయి. మూడో ఏడు ముందుగానే అడుగున రంధ్రాలున్న చిన్న ప్లాస్టిక్ డబ్బాల్లో ఇసుక, కొబ్బరి పొట్టు సమంగా కలిపి, గడ్డ ముక్కు పైకి కనబడేలా నాటి, ఒక్కసారి తడిపి నీరంతా కారిపోయాక డబ్బాలనే ఫ్రిజ్‌లో పెట్టాను. చలిలో పై మొలక అంతగా సాగదు కానీ వేళ్ళు నిదానంగా డబ్బా నిండా అల్లుకుంటాయి. మూడు వారాలకు ఒకసారి పైమట్టిని తాకి, పొడిగా ఉంటే రెండు చెంచాల నీరు పోస్తే చాలు. ఫ్రీజర్ కింద ఉండే పై అరలో మాత్రం పెట్టకండి, గడ్డకట్టితే అంతే సంగతులు.

జవాబు
రాసినవారు: వానలిల్లీ, తిరుచానూరు

పైన రాసినవారి ఓపికకు నమస్కరిస్తూనే నా అభిప్రాయం వేరని చెప్పాలి. పది పూల కోసం మూడున్నర నెలలు ఫ్రిజ్‌లో ఒక అర ఖాళీ చేసి, పండ్లు బయట పెట్టుకొని, చివరికి పదిహేను రోజులు కూడా నిలవని పువ్వును పూయించడం కంటే, అదే వంశంలో పుట్టి మన ఎండకు అలవాటుపడిన మొక్కలను నేలలో నాటుకోవడం మేలు కాదా?

డాఫోడిల్‌ది అమరిల్లిస్ కుటుంబం. మన పెరళ్ళలో కనిపించే వాన లిల్లీ, కుండీల్లో పెంచే ఎర్ర అమరిల్లిస్, ఎండాకాలంలో బంతిలా గుండ్రంగా పూసే ఫుట్‌బాల్ లిల్లీ, అన్నీ దీని దాయాదులే. వాన లిల్లీలో తెలుపు, గులాబీ, పసుపు రకాలు ఉన్నాయి. గడ్డ చిన్న ఉల్లిపాయంత ఉంటుంది, రెండంగుళాల లోతున గుంపుగా నాటితే చాలు. ఎండకు బెట్ట తగిలి, ఒక మంచి వాన కురిసిందంటే నాలుగైదు రోజుల్లో గుంపంతా ఒకేసారి పూస్తుంది. మీ తూర్పు నేల పొడవునా పసుపు వాన లిల్లీ వేసి చూడండి. దూరం నుంచి చూసేవారికి డాఫోడిల్ లేని లోటు తెలియదు. అమరిల్లిస్ గడ్డను నాటేటప్పుడు మాత్రం మూడో వంతు మట్టి పైకి ఉండేలా చూడండి. ఈ ఒక్క సంగతి తెలియక మొత్తం పూడ్చిపెట్టి కుళ్ళబెట్టుకున్నవారిని నేను చాలామందిని చూశాను.

మీ నీళ్ళ తొట్టి పక్కన ఉన్న లిల్లీ, దండల్లో వాడే తెల్లని వాసన పువ్వు అయితే, అది నేల సంపెంగ. దానికి ఈ కుటుంబంతో సంబంధం లేదు, మెక్సికో నుంచి వచ్చిన మొక్క. బెంగళూరు దగ్గర హేసరఘట్టలోని ఉద్యాన పరిశోధన సంస్థ విడుదల చేసిన శృంగార్, ప్రజ్వల్ రకాలు మన వైపు బాగా పూస్తాయి. ఒకసారి పూసిన గడ్డ మళ్ళీ పూయదు, పక్కన పుట్టిన పిల్ల గడ్డలే పూస్తాయి. అందువల్ల మూడేళ్ళకు ఒకసారి తవ్వి విడదీయడం మరచిపోకండి.

జవాబు
రాసినవారు: పడమటిగాలి, పలమనేరు

ఇద్దరు చెప్పినదీ విన్నాక మధ్యమార్గం ఒకటి చెప్పాలనిపించింది. డాఫోడిల్ జాతిలోనే చలి అక్కర లేని శాఖ ఒకటి ఉంది. కశ్మీరులో నర్గిస్ అని పిలిచేది ఆ శాఖదే. ఒకే కాడకు గుత్తిగా చిన్న పూలు పూస్తాయి, వాసన గాఢంగా ఉంటుంది. అమ్మకంలో దీనికి దగ్గర బంధువైన తెల్లని రకం పేపర్‌వైట్ అన్న పేరుతో దొరుకుతుంది, అందులో జీవా అనే రకాన్ని నేను నాలుగేళ్ళుగా తెప్పించుకుంటున్నాను. దీనికి ఫ్రిజ్ వద్దు, మట్టి కూడా వద్దు. లోతు తక్కువ ఉన్న గాజు గిన్నెలో గులకరాళ్ళు పోసి, గడ్డలను ఒకదానికొకటి దగ్గరగా సగం దాకా రాళ్ళలో కూర్చోబెట్టి, అడుగు బిళ్ళకు మాత్రమే తగిలేలా నీరు పోస్తే నాలుగైదు వారాల్లో పూస్తుంది. నీరు గడ్డ నడుము దాకా వస్తే కుళ్ళు ఖాయం.

ఇబ్బంది ఒక్కటే. వెచ్చని గదిలో కాడలు సన్నగా, మోకాలెత్తు సాగి, పూలు విచ్చే సమయానికి వాలిపోతాయి. మా పలమనేరు ఎత్తు మీద ఉంది కాబట్టి డిసెంబరు, జనవరి నెలల్లో ఉత్తరపు కిటికీ దగ్గర ఉంచితే కొంత సర్దుకుంటుంది. తిరుపతిలో మీకు వాలడం ఎక్కువే ఉంటుంది. దీనికి అమెరికాలోని కార్నెల్ విశ్వవిద్యాలయం వారు కనిపెట్టిన ఉపాయం వింటే మీరు నవ్వుతారు. మొలక రెండంగుళాలు రాగానే నీటిని పారబోసి, 4 నుంచి 6 శాతం ఆల్కహాలు కలిపిన నీటిని పోస్తే మొక్కకు నీరు అందడం కాస్త కష్టమై కాడ మూడో వంతు పొట్టిగా ఆగిపోతుంది, పువ్వు పరిమాణం మాత్రం తగ్గదు. 40 శాతం ఉండే మద్యం అయితే ఒక వంతుకు ఏడు వంతుల నీరు. బీరు, వైను పనికిరావు, వాటిలోని చక్కెర గడ్డకు హాని చేస్తుంది. ఏడుకొండలవాడి ఊరిలో పూల మొక్కకు మందు పోయమని సలహా ఇస్తున్నందుకు క్షమించండి. మా ఇంట్లో ఆ సీసా కొనడానికి ఎవరు వెళ్ళాలన్న చర్చ తెగక, చివరికి వెదురు పుల్లలు గుచ్చి దారంతో కట్టుకుంటున్నాను, అదీ బాగానే ఉంది.

వాసన గురించి ముందే చెప్పాలి. కొందరికి ఇది సువాసన, కొందరికి తల తిప్పే వాసన. మల్లెలో ఉండే ఇండోల్ అనే పదార్థమే ఇందులోనూ ఉంటుంది, అయితే మూసిన గదిలో అది ఎక్కువగా తెలుస్తుంది. నాకు ఇష్టమే, మా అత్తగారు మాత్రం గిన్నెను వసారాలోకి మార్పించారు. పసుపు రంగే కావాలనుకుంటే ఈ శాఖలో గ్రాండ్ సొలైల్ డోర్ ఉంది. ఇంగ్లండుకు నైరుతిగా ఉన్న సిల్లీ దీవుల రైతులు దీనిని తొందరగా పూయించడానికి పొలంలో పొగ పెడతారు. పొగలో ఉన్న ఇథిలీన్ అందుకు కారణం. పైన ఫ్రిజ్‌లో మొగ్గలను చంపిన వాయువే ఈ రకంలో నిద్రలో ఉన్న గడ్డను లేపుతుందన్నమాట.

జవాబు
రాసినవారు: తులసికోట, చిత్తూరు

ఇంతవరకు ఎవరూ చెప్పలేదు కాబట్టి చెబుతున్నాను. డాఫోడిల్ మొక్కలో ప్రతి భాగమూ విషమే, గడ్డలో మరీ ఎక్కువ. లైకోరిన్ అనే పదార్థం వల్ల తిన్న కొద్దిసేపటికే వాంతులు, కడుపు నొప్పి, విరేచనాలు పట్టుకుంటాయి. చూడడానికి అది అచ్చం ఉల్లిగడ్డలా ఉంటుంది, మీరు దాచేది కూరగాయల అరలో. మన ఇళ్ళలో తెల్లవారి చీకట్లో ఉల్లిపాయ కోసం ఫ్రిజ్‌లో చేయి పెట్టే పెద్దవాళ్ళు ఉంటారు, వంట చేయడానికి వచ్చేవారు ఉంటారు. కాబట్టి మట్టికుండీ గారు చెప్పినట్టు డబ్బాలో నాటి పెట్టడమే అన్ని విధాలా మంచిది. పొడిగా ఉంచేవారు మాత్రం మూత ఉన్న డబ్బాకు గాలి రంధ్రాలు చేసి, పైన పెద్ద అక్షరాలతో తెలుగులో విషం అని రాసి, ఇంట్లో అందరికీ చూపించి పెట్టండి. ఇది అమరిల్లిస్‌కూ వాన లిల్లీకీ కూడా వర్తిస్తుంది.

తాకినా కొందరికి చేతులు దురద పెడతాయి, జిగురులో కాల్షియం ఆక్సలేట్ సూదుల్లాంటి స్ఫటికాలు ఉంటాయి. చేతి తొడుగు వేసుకోండి. పూలు కోసి నీళ్ళలో పెడితే ఆ నీటిని పిల్లి, కుక్క తాగకుండా చూసుకోండి, అదే గిన్నెలో గులాబీలు ఉంచకండి, డాఫోడిల్ కాడ జిగురుకు అవి తొందరగా వాడిపోతాయి. ఇదే కుటుంబపు గడ్డల్లో దొరికే గాలంటమైన్ అనే మరో పదార్థాన్ని అల్జీమర్స్ మతిమరుపుకు మందుగా వాడుతున్నారు. వేల్స్ కొండల్లో దానికోసమే డాఫోడిల్ పండించేవారు ఉన్నారు. అది విని ఎవరైనా ఇంట్లో కషాయం కాచుకోబోతారేమోనని భయపడి ఈ మాట కూడా రాస్తున్నాను: మందు వేరు, గడ్డ వేరు.

మళ్ళీ అడిగినవారు
రాసినవారు: పెరటిసంపెంగ, ఎం.ఆర్.పల్లె, తిరుపతి

ఇంత వివరంగా రాసినందుకు అందరికీ కృతజ్ఞతలు. తూర్పు నేలలో పసుపు వాన లిల్లీ వేయాలని నిశ్చయించుకున్నాను. ఒక గిన్నె నర్గిస్ కూడా చేస్తాను, వెదురు పుల్లలతోనే. అయినా శ్రీనగర్‌లో చూసిన ఆ పువ్వు మీద మనసు పోవడం లేదు కాబట్టి టెట్ అ టెట్ పది గడ్డలు ఫ్రిజ్ పద్ధతిలో ప్రయత్నిస్తాను. మట్టికుండీ గారూ, ఏ నెలలో మొదలుపెట్టాలో, బయటికి తీశాక ఎండ, నీరు, ఎరువు ఎలా ఇవ్వాలో, పూత అయ్యాక గడ్డను ఏమి చేయాలో కూడా దయచేసి చెప్పండి. ఆల్కహాలు విషయం మా వారికి చదివి వినిపించాను. సీసా తేవడానికి ఆయనకు అభ్యంతరం లేదట, నాకే ఉంది.

జవాబు
రాసినవారు: మట్టికుండీ, చిత్తూరు

లెక్కను వెనుక నుంచి వేసుకోవాలి అమ్మా. శివరాత్రికి చలి శివశివా అంటూ వెళ్ళిపోతుందంటారు. మన వైపు అంతకు ముందే పగటి ఎండ ముదురుతుంది, కాబట్టి జనవరి ఆఖరుకల్లా పువ్వు విచ్చాలి. బయటికి తీసిన నాటి నుంచి పూతకు నాలుగు నుంచి ఆరు వారాలు పడుతుంది. అంటే డిసెంబరు మూడో వారంలో డబ్బాలు బయటికి రావాలి. అక్కడి నుంచి పద్నాలుగు వారాలు వెనక్కి వెళితే సెప్టెంబరు రెండో వారం. దిగుమతి గడ్డలు సెప్టెంబరులో వస్తాయి కానీ మొదటి సరుకే దొరకాలి, అందువల్ల ఆగస్టులోనే చెప్పి ఉంచుకోండి. ఆలస్యమైందని చలి వారాలను తగ్గించడం కంటే పూతను ఫిబ్రవరికి జరుపుకోవడం మేలు, పువ్వు నాలుగు రోజులు తక్కువ నిలుస్తుంది, అంతే.

డబ్బాలు తీసేనాటికి పాలిపోయిన పసుపు మొలకలు రెండంగుళాలు ఉండాలి, అడుగు రంధ్రాల్లో తెల్లని వేళ్ళు కనబడాలి. వేళ్ళు లేకపోతే ఇంకో రెండు వారాలు లోపలే ఉంచండి. తీసిన వెంటనే ఎండలో పెట్టవద్దు. నాలుగైదు రోజులు నీడలో ఉంచితే మొలక పచ్చబడుతుంది, అప్పుడు డబ్బాలోని ముద్దను చెదరకుండా ఎనిమిదంగుళాల మట్టి కుండీలోకి మార్చండి. పక్కపక్కనే ఐదు గడ్డలు పట్టించవచ్చు, ఒకదానికొకటి తగలకుండా వేలెడు సందు ఉంటే చాలు. ఆరంగుళాల లోతు అన్నది నేలలో ఏళ్ళ తరబడి ఉంచే గడ్డకు. గడ్డ ఎత్తుకు మూడింతల లోతున నాటమనడం కూడా అందుకే. ఒక్క సీజను కుండీకి ముక్కు కప్పేటంత మట్టి సరిపోతుంది.

మట్టిలో రెండు వంతుల ఎర్రమట్టికి ఒక వంతు ముతక ఇసుక, ఒక వంతు బాగా మాగిన వర్మీ కంపోస్టు, గుప్పెడు వేపపిండి కలపండి. పచ్చి పేడ ఎరువు దగ్గరికి రానివ్వకండి, అది కుళ్ళును పిలుస్తుంది. ఇక వేరే ఎరువు అవసరం లేదు. ఆ పువ్వుకు కావలసిన తిండి గడ్డలోనే ఉంది. ఉదయం తొమ్మిది, పది గంటల దాకా ఎండ తగిలి ఆపైన నీడ పడే మీ తూర్పు గోడ దీనికి తగిన చోటు. వేళ్ళు వేడెక్కకుండా నేను ఒక చిన్న పని చేస్తాను: మట్టి కుండీని దానికంటే పెద్ద మట్టి తొట్టిలో పెట్టి, మధ్య సందులో ఇసుక నింపి, ఆ ఇసుకను రోజూ తడుపుతాను. కుండలో నీళ్ళు చల్లబడినట్టే కుండీ కూడా చల్లబడుతుంది. మొగ్గ కనబడిన తరువాత మట్టి ఎండిపోకుండా చూడడం ముఖ్యం, ఆ వారంలో ఒక్కరోజు వాడినా మొగ్గ పలుచని కాగితమైపోతుంది.

పూత అయ్యాక గడ్డ సంగతి. చల్లని దేశాల్లో పువ్వు వాడినా ఆకులను కోయకుండా కనీసం ఆరు వారాలు వదిలేస్తారు. ఆకు ఎండిపోయేలోపు మరుసటి ఏటి పువ్వును గడ్డ తయారు చేసుకుంటుంది. మన మార్చి ఎండకు ఆకులు మూడు వారాల్లోనే పసుపుబారుతాయి, గడ్డ చిక్కి చిన్న చిన్న ముక్కలుగా విడిపోతుంది. నేను రెండుసార్లు దాచి చూశాను, మరుసటి ఏడు గడ్డి పోచల్లాంటి ఆకులు తప్ప ఏమీ రాలేదు. నీళ్ళలో పెంచిన నర్గిస్ గడ్డదీ అదే దారి. కాబట్టి చామంతి నారు ఏటేటా కొన్నట్టే దీనినీ ఏటేటా కొనాలని ముందే అనుకుంటే బాధ ఉండదు. అయిపోయిన గడ్డలను తులసికోట గారి హెచ్చరిక గుర్తుంచుకొని పశువులు తినని చోట పూడ్చేయండి.

గడ్డలు రాగానే పెట్టె తెరిచి, ప్రతి దాని అడుగు బిళ్ళనూ బొటనవేలితో నొక్కి చూడండి. మెత్తనివి ఉంటే ఆ రోజే ఫోటో తీసి అమ్మినవారికి పంపండి. వారం దాటాక అడిగితే నీరు ఎక్కువైందనే అంటారు.